సైటేషన్ దొరికింది సరే, మన కేసుకు అతుకుతుందా?

తిరుపతిలో మామిడికాయల యాపారం చేసే ఒకాయనకి వేలూరు పార్టీ చెక్కు ఇచ్చినాడనుకుందాం. సీజన్ అయిపోయినాక బ్యాంకులో వేస్తే డబ్బుల్లేవని తిరిగొచ్చింది, ఇప్పుడు కేసు ఎక్కడ వేయాలి? ఇదే ప్రశ్న 2013లో అడిగుంటే తిరుపతిలోనే వేసుకో సామీ అని ఏ ప్లీడరైనా చెప్పుండేవాడు, ఎందుకంటే 1999లో భాస్కరన్ కేసులో సుప్రీంకోర్టు చెక్కు రాసిచ్చిన ఊరు, బ్యాంకులో వేసిన ఊరు, తిరిగొచ్చిన ఊరు, ఇట్లా ఐదు రకాల చోట్లు చెప్పి వీటిలో ఎక్కడైనా వేయొచ్చు అనింది. 2014 ఆగస్టు 1న దశరథ్ రూప్‌సింగ్ రాథోడ్ కేసులో ముగ్గురు జడ్జిలు కూర్చుని అది కుదరదు, చెక్కు ఇచ్చినవాడి బ్యాంకు ఏ ఊర్లో ఉందో ఆ ఊర్లోనే వేయాలి అన్నారు. అంతే, సాక్ష్యం దాకా రాని కేసుల కాగితాలన్నీ వెనక్కిచ్చేసి 30 రోజుల్లోపల అవతలి ఊర్లో వేసుకోమన్నారు, అంటే మన మామిడికాయల ఆయన వాయిదా వాయిదాకీ వేలూరు బస్సెక్కాల్సిందే. 2015 జూన్‌లో కేంద్రం ఆర్డినెన్స్ తెచ్చి, తర్వాత చట్టమే మార్చి, చెక్కు వేసుకున్న మనిషికి అకౌంట్ ఉన్న బ్రాంచి ఎక్కడో అక్కడే కేసు అనేసరికి ఆయన మళ్ళీ తిరుపతికి వచ్చినాడు. చెక్కు అదే, అప్పు అదే, మోసం అదే. రెండేళ్ళలో మూడు రకాల జవాబులు.

పాత తీర్పుల్ని పట్టుకుని కొత్త కేసులు తేల్చే పద్ధతి గురించి మాట్లాడాలంటే ఈ చెక్కు దగ్గర మొదలుపెట్టడమే మేలు, ఎందుకంటే బయట చాలామందికి ఒక నమ్మకం ఉంటుంది, సుప్రీంకోర్టు ఒకసారి చెప్పిందంటే అది రాయి మీద చెక్కినట్టే, మన కేసు కూడా అట్లాంటిదే కాబట్టి మనం గెలిచినట్టే అని. ఈ రెండిట్లో మొదటిది సగమే నిజం. రెండోది అయితే అసలు గొడవంతా అక్కడే ఉంటుంది.

ఇంగ్లీషులో దీన్ని ప్రిసిడెంట్ అంటారు. పల్లెల్లో ప్రెసిడెంటు అంటే సర్పంచి కాబట్టి ఆ మాట వాడితే లేనిపోని అయోమయం, తెలుగులో పూర్వ తీర్పు అనో పూర్వ నిర్ణయం అనో పుస్తకాల్లో రాస్తారు, కోర్టు వరండాలో మాత్రం అందరూ సైటేషన్ అనే అంటారు, కాస్త వయసైన ప్లీడర్లు రూలింగ్ అంటారు. "మనకి అనుకూలంగా సైటేషన్ ఉందా?" అని పార్టీ అడుగుతాడు, జూనియర్ పోయి ఏఐఆర్, ఎస్‌సీసీ, ఏఎల్‌టీ, ఏఎల్‌డీ అనే తీర్పుల పుస్తకాలు తిరగేస్తాడు, ఇప్పుడైతే కంప్యూటర్‌లోనే వెతుకుతాడు.

ఎవరి మాట ఎవరి మీద నడుస్తుంది అనేది ముందు తేల్చుకోవాలి. రాజ్యాంగం 141వ ఆర్టికల్ ప్రకారం సుప్రీంకోర్టు ప్రకటించిన చట్టం దేశంలో అన్ని కోర్టులకూ కట్టుబాటు, కాబట్టి తిరుపతిలో జూనియర్ సివిల్ జడ్జి అయినా చిత్తూరులో జిల్లా జడ్జి అయినా నాకు ఆ తీర్పు నచ్చలేదు అనడానికి లేదు. హైకోర్టు చెప్పింది ఆ రాష్ట్రంలోని కింది కోర్టులకీ, ట్రిబ్యునళ్ళకీ, ఆఫీసర్లకీ కట్టుబాటు అని 1962లో ఈస్ట్ ఇండియా కమర్షియల్ కేసులో సుప్రీంకోర్టే చెప్పింది. పక్క రాష్ట్రం హైకోర్టు తీర్పు మాత్రం ఇక్కడ సలహా లాంటిదే, బాగుంటే తీసుకుంటారు, లేకపోతే లేదు.

చిత్తూరు వైపు దీనికి ఒక తమాషా చరిత్ర ఉంది. 1911లో జిల్లా ఏర్పడేటప్పటికి ఇదంతా మద్రాసు ప్రెసిడెన్సీ, అప్పీళ్ళన్నీ మద్రాసు హైకోర్టుకే. 1953లో ఆంధ్ర రాష్ట్రం వచ్చింది, 1954 జూలై 5న గుంటూరులో ఆంధ్ర హైకోర్టు మొదలైంది, మరి అప్పటిదాకా మద్రాసు హైకోర్టు ఇచ్చిన తీర్పుల గతేంది? రాత్రికి రాత్రి అవన్నీ పరాయివైపోతాయా? 1955లో సుబ్బరాయుడు కేసులో ఆంధ్ర హైకోర్టు ఫుల్ బెంచ్, ఆ తేదీకి ముందటి మద్రాసు తీర్పులు మనకీ కట్టుబాటే అని తేల్చింది. అందుకే చిత్తూరు భూమి కేసుల్లో ఇప్పటికీ ఎక్కడో 1920ల, 30ల మద్రాసు తీర్పు బయటికి తీస్తే జడ్జి దాన్ని పక్కన పడేయరు. 1956లో హైకోర్టు హైదరాబాదుకి పోయింది, 2019 జనవరి 1 నుంచి అమరావతికి వచ్చింది. తెలంగాణ హైకోర్టు 2019 తర్వాత ఇచ్చే తీర్పు ఇక్కడికి పక్కింటి మాట.

ఇంకా విచిత్రం తిరుత్తణిది. అది మన చిత్తూరు జిల్లాలోనే ఉండేది, 1960 ఏప్రిల్ 1న మద్రాసు రాష్ట్రానికి పోయింది. నగరి నుంచి తిరుత్తణికి బస్సులో పోతే ఎంతసేపు, అయినా ఒకే రకం తగాదా నగరిలో వస్తే అమరావతి హైకోర్టు తీర్పు చూడాలి, తిరుత్తణిలో వస్తే మద్రాసు హైకోర్టు తీర్పు చూడాలి. రెండు హైకోర్టులూ ఒక సెక్షన్‌కి రెండు అర్థాలు చెప్పుంటే, సుప్రీంకోర్టు కలగజేసుకునేదాకా ఆ రెండూ చెల్లుతూనే ఉంటాయి.

సరే, కట్టుబాటు అన్నాం. తీర్పులో ఏది కట్టుబాటు? రెండు వందల పేజీల జడ్జిమెంట్‌లో ప్రతి వాక్యమూ కాదు. ఎవరు గెలిచారనేది అసలే కాదు, అది ఆ ఇద్దరికే. ఆ కేసులో ఉన్న నిజాల మీద, ఆ ప్రశ్నకి, ఆ జవాబు రావడానికి ఏ కారణం లేకపోతే కుదరదో ఆ కారణం ఒక్కటే కట్టుబాటు, దాన్ని లాయర్లు రేషియో అంటారు. మిగతా మాటలు, అంటే జడ్జి దారిలో ఉదాహరణకి చెప్పినవి, ఇలా అయ్యుంటే అలా ఉండేదేమో అన్నవి, ఇవన్నీ ఒబిటర్. సుప్రీంకోర్టు ఒబిటర్‌కి కింద గౌరవం ఉంటుంది కానీ అది రేషియో కాదు. 1967లో ఒరిస్సా ప్రభుత్వం, సుధాంశు శేఖర్ మిశ్రా కేసులో సుప్రీంకోర్టు సూటిగానే చెప్పింది, ఒక తీర్పు తాను నిజంగా తేల్చిన విషయానికి మాత్రమే ఆధారం, దానిలోంచి తర్కంతో లాగగలిగే ప్రతిదానికీ కాదు అని.

ఇది పుస్తకం మాటలా ఉంటుంది, కొండ మీదికి తీసుకుపోతే అర్థమవుతుంది. తిరుమలలో అర్చకత్వం తరతరాలుగా మిరాశీ (వంశపారంపర్య హక్కు) కుటుంబాలది. 1987లో రాష్ట్ర దేవాదాయ చట్టం, అంటే ఆ ఏడాది 30వ నంబరు చట్టం, వంశపారంపర్య హక్కుల్నీ ప్రసాదాల్లో వాటాల్నీ రద్దు చేసింది, అర్చకులు సుప్రీంకోర్టుకి పోయారు, 1996లో నారాయణ దీక్షితులు కేసులో జస్టిస్ కె.రామస్వామి, జస్టిస్ బి.ఎల్.హన్సారియా ఆ చట్టం చెల్లుతుందని తీర్పిచ్చారు. దీనికి వాళ్ళు పట్టుకున్న ముఖ్యమైన పాత తీర్పుల్లో ఒకటి తమిళనాడుది, 1972 నాటి శేషమ్మాళ్ కేసు. ఇప్పుడు ఆలోచించండి, రాష్ట్రం వేరు, చట్టం వేరు, గుడి వేరు. పైపైన చూస్తే ఈ రెండు కేసులకీ పోలికే లేదు అనొచ్చు. కానీ శేషమ్మాళ్ కేసులో కోర్టు తేల్చింది ఏంటంటే, పూజ చేయడం మతానికి సంబంధించింది, పూజ చేసే మనిషిని నియమించడం మాత్రం లౌకికమైన పని, కాబట్టి నియామకంలో వారసత్వాన్ని చట్టం తీసేయొచ్చు, అయితే వచ్చేవాడు ఆగమం (గుడి పూజల శాస్త్రం) ప్రకారం అర్హుడై ఉండాలి. ఈ కారణం తిరుమలకి అచ్చంగా అతికింది. ఊరూ గుడీ ఏదైనా కానీ, అడిగే ప్రశ్న మాత్రం ఒకటే కదా, అర్చకుణ్ణి పెట్టడం మతమా కాదా అని. ఆ తీర్పు నచ్చనివాళ్ళు కొండ కిందా పైనా ఇప్పటికీ ఉన్నారు, అది వేరే సంగతి, ఒక తీర్పు రాష్ట్రం దాటి ఇంకో గుడికి ఎట్లా వచ్చిందో చూడ్డానికి మాత్రం ఇంతకంటే మంచి కేసు ఈ చుట్టుపక్కల లేదు.

దీనికి తలకిందులుగా కూడా జరుగుతుంది. చూడ్డానికి కవల పిల్లల్లా ఉన్న రెండు కేసులు, ఒక్క చిన్న నిజం మారేసరికి విడిపోతాయి. 2002లో పద్మసుందరరావు కేసులో ఐదుగురు జడ్జిల బెంచ్ చెప్పింది ఇదే, తీర్పులో మాటల్ని చట్టంలో సెక్షన్ చదివినట్టు చదవొద్దు, ఒక్క నిజం ఎక్కువైనా వేరుగా ఉన్నా ముగింపు పూర్తిగా మారిపోతుంది అని. అవతలి ప్లీడరు సైటేషన్ ఇస్తే ఇవతలి ప్లీడరు చేసే పని ఇదే, అయ్యా ఆ తీర్పు తప్పు అనడు, అనలేడు, ఆ తీర్పు బంగారం లాంటిది, కానీ ఆ కేసులో రిజిస్టర్డ్ కాగితం ఉంది, మా కేసులో లేదు అంటాడు. దీన్నే డిస్టింగ్విష్ చేయడం అంటారు. మంచి ప్లీడరుకీ మామూలు ప్లీడరుకీ తేడా ఎన్ని సైటేషన్లు తెచ్చాడు అనే దాంట్లో ఉండదు (కట్ట కట్టి తెచ్చేవాళ్ళని చూస్తే జడ్జిలకి విసుగు కూడా), ఇట్లా నిజాన్ని విడగొట్టే దాంట్లో ఉంటుంది.

ఇంతకంటే లెక్కగా కనపడాలంటే యాక్సిడెంట్ కేసు చూడాలి. పూతలపట్టు రోడ్డులో లారీ గుద్ది సొంత టెంపో నడుపుకునే మనిషి పోయాడనుకుందాం, వయసు 39, నెలకి 15,000 సంపాదన అని రుజువైంది, ఇంట్లో భార్య, ఇద్దరు పిల్లలు, తల్లి. ఒకప్పుడు ఒక్కో ట్రిబ్యునల్ ఒక్కో రకంగా ఇచ్చేది, ఒక ప్రాణానికి ఒక ఊర్లో ఒక రేటు పక్క ఊర్లో ఇంకో రేటు అన్నట్టుండేది. 2009లో సరళా వర్మ కేసు వయసుని బట్టి గుణకం ఎంతో, అంటే ఏడాది నష్టాన్ని ఎంతతో హెచ్చించాలో, టేబుల్ ఇచ్చింది, 2017 అక్టోబరు 31న ప్రణయ్ సేథీ కేసులో ఐదుగురు జడ్జిలు దాన్ని నిలబెట్టి, ముందుముందు పెరిగుండే ఆదాయానికి ఎంత కలపాలో కూడా ఖాయం చేశారు. ఇప్పుడు లెక్క ఇట్లా పోతుంది: ఏడాదికి 1,80,000, సొంత పని చేసుకునేవాడు 40 లోపు కాబట్టి 40 శాతం కలిపితే 2,52,000, ఆధారపడినవాళ్ళు నలుగురు కాబట్టి తన సొంత ఖర్చుకి నాలుగో వంతు తీసేస్తే 1,89,000, 36 నుంచి 40 వయసుకి గుణకం 15, మొత్తం 28,35,000. దీనికి పైన 2017 రేటు ప్రకారం అంత్యక్రియలకి, ఎస్టేట్ నష్టానికి (వారసులకి రావాల్సిన ఆస్తి తగ్గినందుకు) చెరో 15,000, భార్యకి తోడు పోయినందుకు 40,000, ఈ మూడూ మూడేళ్ళకోసారి పది శాతం పెరుగుతాయి. 2018లో మ్యాగ్మా కేసు వచ్చినాక పిల్లలకీ తల్లిదండ్రులకీ కూడా ఆ తోడు తాలూకు డబ్బు ఇస్తున్నారు.

అదే మనిషికి 41 ఏళ్ళని ఇన్సూరెన్స్ వాళ్ళు రుజువు చేస్తే? కలిపేది 25 శాతమే, గుణకం 14, మొత్తం 23,62,500కి దిగిపోతుంది. రెండేళ్ళ తేడాకి 4,72,500 రూపాయలు. కాబట్టి సూత్రం మీద కొట్లాట అయిపోయింది, ఇంక కొట్లాటంతా వయసు మీద, టీసీలో ఒక తేదీ, ఆధార్‌లో ఒక తేదీ. దానికీ మళ్ళీ ఒక సైటేషన్ వచ్చింది, 2024 అక్టోబరులో సుప్రీంకోర్టు ఇట్లాంటి యాక్సిడెంట్ కేసులోనే పుట్టినతేదీకి ఆధార్ రుజువు కాదు, స్కూల్ సర్టిఫికెట్ ఉంటే అదే తీసుకోవాలి అనింది. పాత తీర్పు ఎంత స్పష్టంగా ఉంటే గొడవ అంతగా నిజాల మీదికి జరుగుతుంది, మాయమైతే కాదు.

మరి పై కోర్టే రెండు నాలుకలతో మాట్లాడితే? మాట్లాడుతుంది. ప్రణయ్ సేథీ కేసు ఐదుగురి ముందుకి పోవడానికి కారణమే అది. ఈ పెరిగే ఆదాయం గురించే 2013 ఏప్రిల్ 2న రేష్మా కుమారి కేసులో ముగ్గురు జడ్జిలు ఒకటి చెప్పారు, పది రోజుల తర్వాత, ఏప్రిల్ 12న, రాజేశ్ కేసులో ఇంకో ముగ్గురు జడ్జిలు మొదటిదాన్ని చూడకుండానే ఇంకోటి చెప్పారు. నాలుగేళ్ళు కింది కోర్టుల్లో ఎవరికి అనుకూలమైంది వాళ్ళు చూపించుకున్నారు. చివరికి ముందొచ్చిన సమాన బెంచ్ తీర్పుని పట్టించుకోకుండా ఇచ్చింది కాబట్టి రాజేశ్ కట్టుబాటు కాదు అన్నారు. ఇట్లా కట్టుబాటైన తీర్పునో చట్టాన్నో చూడకుండా ఇచ్చిన తీర్పుని పెర్ ఇంక్యూరియం అంటారు. చిన్న బెంచ్ పెద్ద బెంచ్‌ని కాదనకూడదు, మహా అయితే ఇది మళ్ళీ చూడండి అని చీఫ్ జస్టిస్‌కి పంపాలి, సమాన బెంచ్‌తో పడకపోతే పెద్ద బెంచ్‌కి పంపించమని అడగాలి, 2004లో దావూదీ బోహ్రా కేసులో ఐదుగురు జడ్జిలు ఇదంతా వరుసగా చెప్పారు. చెప్పినంత మాత్రాన ఎప్పుడూ అట్లాగే జరుగుతుందని కాదు.

మధ్యలో ఒక మాట, వాట్సాప్‌లో తిరిగే "సుప్రీంకోర్టు కొట్టేసింది" వార్తల గురించి. హైకోర్టు తీర్పు మీద ఎవరో సుప్రీంకోర్టుకి స్పెషల్ లీవ్ పిటిషన్ (అప్పీలుకి అనుమతి అడిగే పిటిషన్) వేస్తారు, కారణం ఏమీ రాయకుండా ఒక్క ముక్కలో డిస్మిస్ చేస్తారు. దాంతో సుప్రీంకోర్టు ఆ హైకోర్టు తీర్పుని ఒప్పుకున్నట్టు కాదు, దేశానికంతా చట్టం చెప్పినట్టూ కాదు, 2000లో కున్హయమ్మద్ కేసులోనే ఇది తేలిపోయింది. మధ్యంతర ఉత్తర్వులూ అంతే. జామీను ఇచ్చారు కాబట్టి కేసు తప్పుడు కేసు అని తేలిపోయింది అనుకునేవాళ్ళకి ఏం చెప్పగలం.

సుప్రీంకోర్టు తన మాటకి తాను కట్టుబడాల్సిన పనిలేదు. 1955లో బెంగాల్ ఇమ్యూనిటీ కేసులో 141వ ఆర్టికల్‌లోని "అన్ని కోర్టులు" అనే మాటలో తాను లేనని చెప్పుకుంది. ఇంగ్లండులో ప్రభువుల సభ (అప్పట్లో అక్కడి పై కోర్టు అదే) తన పాత తీర్పుల నుంచి బయటపడొచ్చని ఒప్పుకున్నది 1966లో, అంటే మనం నేర్చుకున్న పద్ధతిలో మనవాళ్ళే పదకొండేళ్ళు ముందు. ఎమర్జెన్సీలో జైల్లో పెట్టినా స్వేచ్ఛ కోసం కోర్టుకి పోవడానికి లేదు అన్న ఏడీఎం జబల్పూర్ తీర్పు 1976లో వచ్చింది, నలుగురు ఒకవైపు, జస్టిస్ హెచ్.ఆర్.ఖన్నా ఒక్కరూ ఒకవైపు, దాన్ని పుట్టస్వామి కేసులో తొమ్మిదిమంది కూర్చుని తప్పని చెప్పడానికి 2017 రావాల్సి వచ్చింది. 41 ఏళ్ళు. అన్నేళ్ళూ సుప్రీంకోర్టు దాన్ని కొట్టేయలేదు.

అయితే చిత్తూరు, తిరుపతి కోర్టుల్లో రోజూ నలిగే సైటేషన్ పుట్టస్వామి కాదు, ఆడపిల్లల భాగం కేసు. ఇక్కడ మొదటి మార్పు ఢిల్లీ నుంచి రాలేదు, 1986లో ఎన్టీఆర్ ప్రభుత్వం చేసిన సవరణ, 1985 సెప్టెంబరు 5 నుంచి లెక్క, అప్పటికి పెళ్ళికాని కూతుళ్ళకి ఉమ్మడి ఆస్తిలో కొడుకులతో సమానంగా పుట్టుకతోనే హక్కు. అప్పటికే పెళ్ళయిన అక్కకి లేదు, పెళ్ళికాని చెల్లెలికి ఉంది, ఒకే ఇంట్లో. 2005 సెప్టెంబరు 9న కేంద్ర సవరణ వచ్చి కూతుళ్ళందరికీ ఇచ్చింది, ఆ వెంటనే తండ్రి అప్పటికే చచ్చిపోయుంటే ఏంది అనే ప్రశ్న మొదలైంది. 2015లో ప్రకాశ్, ఫూలవతి కేసులో ఇద్దరు జడ్జిలు ఆ తేదీకి తండ్రి బతికుండాలి అన్నారు. 2018లో దానమ్మ కేసులో ఇంకో ఇద్దరు జడ్జిలు 2001లోనే తండ్రి పోయిన కూతుళ్ళకి వాటా ఇచ్చారు. రెండేళ్ళు అన్నదమ్ములు ఫూలవతిని, అక్కచెల్లెళ్ళు దానమ్మని పట్టుకుని తిరిగారు. 2020 ఆగస్టు 11న వినీతా శర్మ కేసులో ముగ్గురు జడ్జిలు (వాళ్ళలో ఒకరైన జస్టిస్ అబ్దుల్ నజీర్ 2023లో మన రాష్ట్రానికి గవర్నరుగా వచ్చారు) హక్కు పుట్టుకతో వచ్చేది కాబట్టి తండ్రి బతికుండటంతో పనిలేదు అని తేల్చారు, ఫూలవతి పోయింది.

దాంతో చాలామంది ఆడవాళ్ళు ఆ తీర్పు కాపీ చేతిలో పెట్టుకుని దావా వేశారు. అవతల అన్న జవాబులో వినీతా శర్మ తప్పు అని రాయడు. మా నాయన ఉన్నప్పుడే 1998లో పెద్దమనుషుల ముందర భాగాలు అయిపోయినాయి, అప్పటినుంచి ఎవరిది వాళ్ళు సేద్యం చేసుకుంటా ఉండాము, పంచుకోవడానికి ఇప్పుడు ఉమ్మడి ఆస్తి ఎక్కడుండాది అని రాస్తాడు. ఇది తెలివైన మాటే, ఎందుకంటే 2004 డిసెంబరు 20కి ముందే పక్కాగా అయిపోయిన భాగాల్ని చట్టమే ముట్టుకోనంది. కానీ అదే వినీతా శర్మ తీర్పులో ఇంకో ముక్క ఉంది: భాగం అంటే రిజిస్టరైన పారీఖత్తో (భాగాల కాగితం) కోర్టు డిక్రీనో ఉండాలి, నోటిమాట భాగాన్ని ఊరికే నమ్మొద్దు, ప్రభుత్వ రికార్డులు గట్టిగా బలపరిస్తేనే అరుదుగా ఒప్పుకోవాలి, ఉట్టి నోటి సాక్ష్యమైతే తోసేయాలి. కాబట్టి తీర్పు ఒకటే, ఇద్దరూ దాన్నే చదువుతున్నారు, చెల్లెలు "ఊరికే నమ్మొద్దు" అనే ముక్క, అన్న "రికార్డులు బలపరిస్తే ఒప్పుకోవాలి" అనే ముక్క. ఇంక అక్కడి నుంచి కేసు ఢిల్లీ వదిలేసి తాసిల్దారు ఆఫీసుకి పోతుంది: 1998 తర్వాత పాసుపుస్తకాలు ఎవరి పేరు మీద విడివిడిగా అయినాయి, అడంగల్‌లో అనుభవదారు కాలంలో ఎవరి పేరు ఎక్కింది, బోరు కరెంటు సర్వీసు ఎవరి పేరుతో ఉంది, బ్యాంకులో పంట లోను తీసుకున్నప్పుడు అన్న ఆ భూమిని తన సొంతం అని రాశాడా ఉమ్మడిది అని రాశాడా.